ఎందులో చూస్తారని అడగడానికి సిగ్గుపడొద్దు



ఈ మధ్య హాస్టల్లో కొత్తగా చేరిన తమ్ముళ్లు మమ్మల్ని ఒకటే అడుగుతున్నారు. "అన్నా, మీరు పొద్దున్నే లేచి చూసే ఆ అమెరికా బాస్కెట్‌బాల్ ఎందులో వస్తాది? మాకూ లింక్ పంపండన్నా." లింక్ అనే మాట వింటే చాలు, మా గదిలో అందరం ఒకరి మొహం ఒకరం చూసుకుంటాం. ఎందుకో చెప్పాలంటే మొత్తం కథ చెప్పాలి. అందుకే ఇంత పొడుగు పోస్టు. ఓపిగ్గా చదవండి.

మేం ఆరుగురం, ఒకే గది. పాడేరు, జి.మాడుగుల, పెదబయలు, హుకుంపేట వైపు ఊళ్ల నుంచి వచ్చి విశాఖలో డిగ్రీ చదువుతున్నాం. మా ఇళ్లలో కాలేజీ గుమ్మం తొక్కింది మేమే మొదట. ఆశ్రమ పాఠశాలలో మాకు తెలిసిన ఆటలు కబడ్డీ, ఖోఖో, వాలీబాల్. బాస్కెట్‌బాల్ ఇక్కడికి వచ్చాకే పట్టుకున్నాం. కాలేజీ గ్రౌండ్లో వల చిరిగిపోయిన రెండు రింగులుంటాయి. కొండలెక్కిన కాళ్లు కదా, పరుగుకి మాకు లోటు లేదు. నెల తిరిగేసరికి టౌన్ కుర్రాళ్లు మమ్మల్ని పిలిచి మరీ జట్టులో వేసుకునేవాళ్లు.

ఇబ్బంది ఆటలో రాలేదు, ఆట అయ్యాక వచ్చింది. వాళ్లు మెట్ల మీద కూర్చుని కర్రీ అని, లెబ్రాన్ అని, యానిస్ అని మొదలెట్టేవారు. మధ్యలో మాలో ఒకణ్ణి "నీకెవరు ఇష్టం?" అని అడిగారు. వాడు "కర్రీ" అన్నాడు. కర్రీ ఏ జట్టుకి ఆడతాడో అప్పటికి వాడికి తెలీదు, మాకూ తెలీదు. "పొద్దున మ్యాచ్ చూశావా?" అంటే "చూశాను" అన్నాడు. మిగతా అయిదుగురం తలూపాం. ఆరుగురం కలిసి ఒక అబద్ధం ఆడాం.

ఆ అబద్ధాన్ని నిజం చేద్దామని వాడు ఆ రాత్రే ఫోన్లో వెతికాడు. ఉచితంగా లైవ్ అని ఒక లింక్ దొరికింది. అది ప్లే స్టోర్‌లో లేని యాప్ ఒకటి వేసుకోమంది. మెసేజ్‌లు చదవడానికి అనుమతి అడిగింది. వాడు అన్నిటికీ సరే, సరే అని నొక్కుకుంటూ పోయాడు. మ్యాచ్ రాలేదు. మూడో రోజుకి అకౌంటులో 6,200 రూపాయలు లేవు. అందులో కొంత స్కాలర్‌షిప్, కొంత వాళ్ల అమ్మ పసుపు అమ్మి పంపినది. మెస్ బిల్లు, పరీక్ష ఫీజు అన్నీ అందులోనే కట్టాలి.

వాడు మాకు చెప్పలేదు. కడుపునొప్పి అని మెస్‌కి రావడం మానేశాడు. అయిదో రోజు ట్రంకు పెట్టె సర్దుతుంటే పట్టుకున్నాం. చదువు మానేసి ఊరెళ్లిపోతానన్నాడు. "మా అమ్మకి ఏమని చెప్పాలి? ఆట చూద్దామని పోగొట్టానని చెప్పాలా?" అన్నాడు. మా దగ్గర జవాబు లేదు. పెట్టె మాత్రం మంచం కిందకి తోసేసి, వాణ్ణి బ్యాంకుకి తీసుకెళ్లాం. 1930 నంబరుకి ఫోన్ చేశాం, సైబర్ క్రైమ్ పోర్టల్లో ఫిర్యాదు పెట్టాం. డబ్బు పోయిన వెంటనే చెప్పి ఉంటే దొంగల ఖాతాలో ఆపడానికి వీలుండేది, ఇప్పుడు కష్టం అన్నారు. ఒక్క రూపాయి తిరిగి రాలేదు. పరీక్ష ఫీజు మేం తలా కొంచెం వేసి కట్టాం. ఇదంతా రాయాలా వద్దా అని వాణ్ణే అడిగాం. "రాయండి, నంబరు కూడా రాయండి" అన్నాడు. అందుకే ఇంకోసారి రాస్తున్నాం: 1930. సిగ్గుతో ఒక్క గంట కూడా ఆగొద్దు.

తర్వాత ఒక సాయంత్రం టౌన్ కుర్రాళ్లతో నిజం చెప్పేశాం. "మేం ఇప్పటిదాకా ఒక్క మ్యాచ్ కూడా చూడలేదురా. మీరు ఎందులో చూస్తారు?" వాళ్లు నవ్వుతారనుకున్నాం. ఎవరూ నవ్వలేదు. రెండు నిమిషాల్లో అంతా చెప్పేశారు. వాళ్లలో ఇద్దరు పూర్తి మ్యాచ్‌లు చూడరట, హైలైట్స్ చూసే మాట్లాడతారట! ఆ రెండు నిమిషాల మాట ముందే అడిగి ఉంటే ఆ 6,200 మిగిలేవి.

ఇక మేం తెలుసుకున్నది చెప్తాం.

ప్రొఫెషనల్ బాస్కెట్‌బాల్‌లో పెద్దది ఎన్‌బీఏ. 30 జట్లు. ఒక్క టొరంటో కెనడాది, మిగతావన్నీ అమెరికావి. అక్టోబరు నుంచి ఏప్రిల్ దాకా ఒక్కో జట్టు 82 మ్యాచ్‌లు ఆడుతుంది. ఆ తర్వాత ప్లేఆఫ్స్. ఏడింటిలో ముందు నాలుగు గెలిచిన జట్టు పైకెళ్తుంది. ఫైనల్స్ జూన్‌లో. అన్నీ చూడాలనుకుంటే డిగ్రీ పోతుంది. వారానికి ఒకటి చాలు.

పైసా ఖర్చు లేని దారి ముందు చెప్తాం. ఎన్‌బీఏ వాళ్ల సొంత యూట్యూబ్ ఛానెల్లో ప్రతి మ్యాచ్ హైలైట్స్ ఉచితంగా పెడతారు. ఒక్కోటి పది నిమిషాలు, అటూఇటూ. వాళ్ల యాప్‌లో స్కోరు, ఎవరు ఎప్పుడు ఎన్ని పాయింట్లు కొట్టారన్నది కూడా ఉచితమే. మేం మొదటి మూడు నెలలు వీటితోనే గడిపాం. కొత్తవాళ్లు ఇక్కడే మొదలుపెట్టండి. యాప్ మాత్రం ప్లే స్టోర్ నుంచే దించుకోండి.

పూర్తి మ్యాచ్ కావాలంటే లీగ్ పాస్ అని ఎన్‌బీఏ వాళ్లదే ఉంది. డబ్బు కట్టాలి. లైవ్ చూడొచ్చు, అయిపోయిన మ్యాచ్ తర్వాత కూడా చూడొచ్చు, కుదించినది కూడా ఉంటుంది. ధర మారుతూ ఉంటుంది కాబట్టి కట్టేముందు యాప్‌లోనే చూసుకోండి. మేం సీజన్ మొత్తానికి కాకుండా ప్లేఆఫ్స్ మొదలయ్యాక ఆరుగురం చందా వేసుకుని తీసుకున్నాం. ఒకే అకౌంటు, ఒకే ఫోను, దాని చుట్టూ ఆరు తలకాయలు.

టీవీ సంగతి వేరు. మన దేశంలో ఈ హక్కులు చేతులు మారుతుంటాయి. ఒకప్పుడు సోనీ ఛానెళ్లలో వచ్చేది, 2021లో వయాకామ్18 తీసుకుంది. పాత వీడియోలో ఎవరో చెప్పిన ఛానెల్ నమ్మి ప్యాక్ రీచార్జ్ చేయించొద్దు. ప్రతి అక్టోబరులో సీజన్ మొదలయ్యేటప్పుడు కొత్తగా చూసుకోవాలి. అమెరికాలో కూడా ఇదే తంటా. 2025-26 నుంచి అక్కడి హక్కులు డిస్నీ, ఎన్‌బీసీ, అమెజాన్ మూడూ పంచుకున్నాయి. 11 ఏళ్లకి దాదాపు 7,600 కోట్ల డాలర్లు! అక్కడి అభిమాని కూడా ఈరోజు మ్యాచ్ ఎందులో అని వెతుక్కోవాల్సిందే. మనకొక్కరికే తెలీదని అనుకోకండి.

హాస్టల్ టీవీ డైనింగ్ హాల్లో ఉంటుంది, పొద్దున తాళం. రెండు రోజులు గొణుక్కుని, మూడో రోజు అందరం సంతకాలు పెట్టి వార్డెన్ సార్‌కి కాగితం ఇచ్చాం. ఆదివారం పొద్దున తాళం తీస్తానన్నారు. అడిగితే వచ్చేది ఇది కూడా.

టైము దగ్గర అందరూ పొరబడతారు. అక్కడ శుక్రవారం రాత్రి అంటే మనకి శనివారం పొద్దున. న్యూయార్క్ వైపు రాత్రి ఏడున్నరకి మొదలైతే చలికాలంలో మనకి ఉదయం 6 గంటలు. మార్చి రెండో ఆదివారం నుంచి నవంబరు మొదటి ఆదివారం దాకా వాళ్లు గడియారం ఒక గంట ముందుకి జరుపుకుంటారు, అప్పుడు మనకి 5 గంటలు. లాస్ ఏంజెలెస్ వైపు ఆటలైతే మనకి ఎనిమిది, తొమ్మిది అవుతుంది, క్లాసు టైము. ఈ గంట మార్పు తెలీక ఒక నవంబరులో అయిదింటికే లేచి, దుప్పట్లు కప్పుకుని గంటసేపు ఖాళీ స్క్రీన్ చూశాం.

డేటాకి మా పద్ధతి రోజుకొకరి హాట్‌స్పాట్. క్వాలిటీ తక్కువలో పెడితే మా రోజు ప్యాక్ ఆట చివరిదాకా వచ్చేది. ఎక్కువలో పెట్టిన రోజు సగంలోనే ఆగిపోయింది. ఆట గడియారం మీద 48 నిమిషాలే, కానీ ఆగుతూ సాగుతూ రెండున్నర గంటలు పడుతుంది. ఆ లెక్కన ఛార్జింగ్ కూడా చూసుకోండి.

చూడటం కూడా నేర్చుకోవాలి. మొదట్లో మేం బంతి వెనకే కళ్లు తిప్పేవాళ్లం, ఏమీ అర్థమయ్యేది కాదు. 24 సెకన్లలో బంతి వెయ్యాలి అన్న నియమం తెలిశాక ఆ తొందర ఎందుకో తెలిసింది. 1954లో ఆ నియమం పెట్టకముందు ఆధిక్యంలో ఉన్న జట్టు బంతి పట్టుకుని కాలం గడిపేసేదట. ఇంకోటి, బంతి లేనివాణ్ణి చూడండి. పిక్ అండ్ రోల్ అంటే పెద్ద విద్య అనుకున్నాం. మన ఇటుకల పండగ వేటలో ఒకరు దారి కాస్తారు కదా, అదే. ఒకడు అడ్డంగా నిలబడి బంతి ఉన్నవాడికి దారి ఇస్తాడు, వెంటనే తిరిగి బుట్ట వైపు పరిగెడతాడు. బుట్ట అని ఊరికే అనలేదు. 1891లో నైస్మిత్ అనే మాస్టారు ఈ ఆట మొదలుపెట్టినప్పుడు కట్టింది పళ్ల బుట్టలే. అడుగు తియ్యలేదు కాబట్టి బంతి పడిన ప్రతిసారీ ఎవరో ఎక్కి తియ్యాల్సి వచ్చేది. మన ఇంట్లో వెదురు బుట్ట చూసినప్పుడల్లా మాకు అదే గుర్తొస్తుంది.

ఇప్పుడు మాకు మర్చిపోలేని రోజు చెప్తాం. 2025 జూన్ 6. ఫైనల్స్ మొదటి మ్యాచ్, మనకి ఉదయం 6 గంటలకి. ఓక్లహోమా సిటీ థండర్ మీద ఇండియానా పేసర్స్. సెలవులు, ఊళ్లో ఉన్నాం. మా ఊళ్లో సిగ్నల్ కావాలంటే కొండెక్కాలి. పక్క ఊరి వాళ్లతో కలిపి ముగ్గురం, పవర్ బ్యాంక్ పట్టుకుని చీకట్లోనే ఎక్కాం. డబ్బు పోగొట్టుకున్నవాడూ మాతోనే ఉన్నాడు. ఇండియానా మాకు ఇష్టమైన జట్టు. 2019 అక్టోబరులో మన దేశానికి మొదటిసారి వచ్చి ఆడిన రెండు ఎన్‌బీఏ జట్లలో అదొకటి. ముంబైలో శాక్రమెంటోతో రెండు మ్యాచ్‌లు ఆడింది.

ఆరోజు మొదటి నుంచీ ఇండియానా వెనకే. చివరి క్వార్టర్లో 15 పాయింట్లు వెనకబడింది. అడ్డాకులకి వచ్చిన వాడి అమ్మ మమ్మల్ని చూసి ఆగింది. "ఏట్రా, పొద్దున్నే కొండెక్కి ఆ ఫోన్లో ఏటి సూత్తన్నారు?" అంది. "ఆట అమ్మా. మనోళ్లు ఓడిపోతన్నారు" అన్నాడు వాడు. మనోళ్లు అనగానే ఆమె తట్ట దింపి కూర్చుంది. చివరి నిమిషంలో వీడియో నిలిచిపోయింది. తిరుగుతూనే ఉంది. యాప్‌లో స్కోరు మాత్రం కదులుతోంది. 110, 109. ఓక్లహోమాదే ఆధిక్యం. మేం ముగ్గురం ఆ అంకెలనే చూస్తున్నాం. ఒక్కసారిగా 109 కాస్తా 111 అయ్యింది. 0.3 సెకన్లు మిగిలి ఉండగా హాలిబర్టన్ వేశాడు. మ్యాచ్ మొత్తంలో ఇండియానా ముందున్నది ఆ 0.3 సెకన్లే.

మేం అరిచిన అరుపుకి కింద కుక్కలు మొరిగాయి. అమ్మ "గెలిసేరా?" అంది. "గెలిసేరమ్మా." ఆ గెలిచిన ఊపులో వాడు ఆమెకి 6,200 సంగతి చెప్పేశాడు. మేం ఊపిరి బిగబట్టాం. ఆమె కాసేపు మాట్లాడలేదు. తర్వాత "నాకు ముందే సెప్పుంటే నాలుగు రోజులు తిండి మానేవోడివి కాదు కదా" అంది. తట్ట నెత్తినెట్టుకుని వెళ్లిపోయింది. వాడు ఏడ్చాడు. హాలిబర్టన్ ఎలా వేశాడో మేం మర్నాడు యూట్యూబులో చూశాం.

చివరికి ఆ సిరీస్ ఏడో మ్యాచ్ దాకా వెళ్లి ఓక్లహోమా గెలిచింది. ఓక్లహోమా అన్న పేరు చోక్టా ఆదివాసుల భాషలోది. ప్రజలు, ఎరుపు అన్న రెండు మాటలు కలిస్తే ఆ పేరు. సొంత నేలల నుంచి వెళ్లగొట్టిన తెగలని తెచ్చి పడేసిన చోటు అది. ఇంకోటి కూడా తెలుసుకున్నాం. 1904లో మోంటానాలోని ఫోర్ట్ షా అనే ఆదివాసీ బోర్డింగ్ స్కూలు ఆడపిల్లల జట్టు సెయింట్ లూయిస్ ప్రపంచ ప్రదర్శనకి వెళ్లి, ఎదురొచ్చిన జట్లన్నిటినీ ఓడించింది. వాళ్లూ హాస్టల్ పిల్లలే, మనలాగే. ఇవేవీ మాకు మెట్ల మీద ఎవరూ చెప్పలేదు. ఆట చూస్తూ, ఆ ఊరి పేరు ఏమిటని వెతుక్కుంటే దొరికాయి.

కాబట్టి తమ్ముళ్లూ, లింక్ అడగొద్దు, మా గదికే వచ్చెయ్యండి. ఆదివారం పొద్దున డైనింగ్ హాలు తాళం తీసే ఉంటుంది. చెల్లెళ్లు కూడా మీ హాస్టల్లో ఒక కాగితం పెట్టి చూడండి, ఎలా రాయాలో మేం చెప్తాం. ఏ ఊరి వాళ్లు ఏ ఆట ఎలా చూస్తున్నారో కింద రాయండి. తెలీకపోతే తెలీదని రాయండి. మాలో ఎవరూ నవ్వరు.

జై ఆదివాసీ.