తొడుగులో మనిషి, మట్టి మీద మనిషి

గాడ్జిల్లా లోపల ఒక మనిషి ఉన్నాడు. పేరు హరువో నకజిమా. 1954లో జపాన్‌లో దర్శకుడు ఇషిరో హోండా ఆ పేరుతో సినిమా తీసినప్పుడు వంద కిలోల రబ్బరు తొడుగులో దూరి, స్టూడియో దీపాల వేడికి ఉడికిపోతూ, బొమ్మ టోక్యోను తొక్కేసింది ఎక్కువగా ఆయనే. ఏనుగులూ ఎలుగుబంట్లూ ఎట్లా అడుగేస్తాయో చూడ్డానికి జూ చుట్టూ తిరిగాడట. ఇది తెలిశాక ఆ మృగమంటే నాకు భయం పోయి గౌరవం పుట్టింది. కంప్యూటర్లో పుట్టే ఇప్పటి గాడ్జిల్లాలు ఎంత ఎత్తు పెరిగినా ఆ అడుగు బరువు రాదు.

అట్లాంటి బరువైన భూతం మా ఏర్పేడు వైపూ ఒకటుంది. ఏర్పేడు అంటే బయటివాళ్లకు వ్యాసాశ్రమం, ఈమధ్య ఐఐటీ. మాకు మాత్రం ఎండాకాలంలో చుట్టుపక్కల ఏ ఊళ్లో భారతం పెట్టారన్నదే ముఖ్యం. ధర్మరాజుల గుడి దగ్గర పగలు హరికథ, రాత్రి నాటకం. బకాసుర వధ నాడు భీముడు బండెడు కూడు ముందేసుకుని వీధులన్నీ ఊరేగుతాడు. రాక్షసుడికని వండింది తానే మింగుతుంటాడు. పిల్లలం బకాసురుడి కంటే భీముడికే ఎక్కువ జడిసేవాళ్లం.

అసలు భూతం ఆఖర్న వస్తుంది. రావడమేముంది, పడుకునే ఉంటాడు. ఊరి మిట్ట మీద తడిమట్టితో దుర్యోధనుణ్ణి వెల్లకిలా పరుస్తారు. తల దగ్గర నిలబడితే కాళ్లు జనంలో కలిసిపోయి కనబడవు. సున్నం, రంగులు, కోరమీసం, గుడ్లురిమే కళ్లు. తొడలో ఎర్రనీళ్ల కుండ దాస్తారు. దుర్యోధన వేషం కట్టినాయన ఆ మట్టి రొమ్ము మీదికెక్కి, గద తిప్పుతూ పద్యాలు పాడుతూ ఇటు నుంచి అటు ఉరుకుతాడు. నకజిమా భూతం లోపల, మావాడు భూతం పైన. భీముడి గద తొడ మీద పడ్డాక ద్రౌపది వచ్చి జుట్టు ముడేసుకుంటుంది. అంతే, జనం ఎగబడి మట్టి పెళ్లగిస్తారు. పిడికెడు దొరికినా ఇంటికి పట్టుకుపోవాల్సిందే. మంచి జరుగుతుందని నమ్మకం. అంతటి పాపాత్ముడి ఒళ్లు అంత చల్లని ప్రసాదం ఎట్లా అయిందో నాకు ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు.

ఆ రోజు పెద్దవాళ్లు కొందరు కళ్లొత్తుకోవడం చూశాను. గాడ్జిల్లా చావులోనూ విజయోత్సాహం లేదు. ఆ సినిమా వచ్చిన ఏడాదే మార్చిలో బికినీ దీవుల దగ్గర అమెరికా హైడ్రోజన్ బాంబు పేలిస్తే, ఆ బూడిద జపాన్ చేపల పడవ మీద కురిసింది. గాడ్జిల్లా కూడా బాంబుల దెబ్బ తిన్న ప్రాణే. దాన్ని చంపే ఆయుధం కనిపెట్టిన సెరిజావా, ఆ రహస్యం ఇంకెవరికీ దక్కకూడదని సముద్రం అడుగున దానితోపాటే ప్రాణం వదులుతాడు. భూతం చస్తే ఈల వేసే కథలు నాకు అందుకే రుచించవు.

అయినా మా పక్కూరి కథ ముందు ఈ సినిమా కథలన్నీ నిన్నగాక మొన్నటివి. శ్రీకాళహస్తిలో శివుడికి పాము పెట్టిన మణుల్ని ఏనుగు తోసేయడం, ఏనుగు పెట్టిన పత్రిని పాము తీసేయడం, చివరికి పాము తొండంలో దూరడం, ఏనుగు తల బాదుకోవడం. రెండూ చచ్చాయి, రెండింటికీ మోక్షమే. ఇందులో విలన్ ఎవరో చెప్పండి!

భూతాల చావులకే కాదు, యంత్రాల చావులకూ మర్యాద చేసేవాళ్లున్నారు. సోనీ కంపెనీ 1999లో ఐబో అనే కుక్క రోబోను అమ్మకానికి పెట్టి, 2006లో ఆపేసింది. తర్వాత రిపేర్లూ మానేసింది. మూలపడ్డ ఆ కుక్కలకు ఇసుమి పట్నంలోని కోఫుకుజి అనే బౌద్ధాలయంలో 2015 నుంచి మంత్రాలు చదివి అంత్యక్రియలు చేశారు. వినగానే నవ్వేవాళ్లున్నారు. దసరాకు లేతు మిషన్‌కు బొట్టు పెట్టి, ట్రాక్టరు చక్రం కింద నిమ్మకాయ తొక్కించేవాళ్లం మనం నవ్వకూడదు. ఇప్పుడు దుర్యోధనుడికి మట్టి తోడేది కూడా యంత్రమే. మా జిల్లాలోనే శ్రీసిటీలో జపాన్ వాళ్ల కోబెల్కో ఫ్యాక్టరీ అట్లాంటివి తయారుచేస్తోంది. అది ఏ కంపెనీదైనా మా ఊళ్లో దాని పేరు జేసీబీయే.