పేరు అరువిచ్చినవారు

మేము బరంపురంలో ఒక ఆఫీసులో గుమాస్తాగా ఇరవై యేండ్ల పైబడి కలము అరగదీస్తున్నాము. చదివినది మెట్రిక్యులేషను. ఉదయం పదింటి నుంచి సాయంత్రం వరకు మా పని పేర్లు వ్రాయడము. రిజిస్టర్లు పోయి కంప్యూటరు వచ్చినది గాని, పని మాత్రము మారలేదు.

ఈ పేర్ల వ్యవహారంలో మన తెలుగువారు పడే పాట్లు మాకు తెలిసినంతగా ఇంకొకరికి తెలియవు. మన ఇంటిపేరు ముందు నడుస్తుంది. ఇక్కడి వాడుకలో అది చివర నడవాలి. అందుచేత అప్పారావుగారు కాగితము మీద "రావు"ల వంశంలో చేరిపోతారు. ఆయన వియ్యంకుడు వెంకటరావుగారూ ఆ వంశమే. ఇంటిపేరు ఒక పొడి అక్షరమై ముందు నిలబడి, కొంతకాలానికి అదీ రాలిపోతుంది. మూడు తరాలు గడిచాక పిల్లవానిని "మీ ఇంటిపేరేమి నాయనా?" అని అడిగితే "రావు" అంటాడు. మనము నవ్వుకుంటాము, మళ్ళీ మన పని మనము చూసుకుంటాము.

మేమూ అట్లాగే నవ్వుకునేవారము. రికార్డులో ఉన్నదే పేరు, తక్కినదంతా ముద్దు పిలుపు అని మా సిద్ధాంతము. ఆ సిద్ధాంతము మా ఇంట్లోనే మాకు ఎదురు తిరిగినది. ఆ సంగతి చెప్పడానికే ఈ నాలుగు మాటలు.

మా పెద్దనాన్నగారు విశాఖపట్నంలో ఒక కంపెనీలో ఉద్యోగం చేసి 1998లో రిటైరయ్యారు. అందరికీ ఆయన సత్యనారాయణగారు. ఇంట్లో మాత్రము మా నాన్నగారు ఆయనను "తవిటన్నయ్యా" అని పిలిచేవారు. ముందు పుట్టిన ఇద్దరు బిడ్డలు దక్కకపోతే, మూడవవానిని మా నాయనమ్మ పొరుగావిడ చేతిలో పెట్టి, చేరెడు తవుడు ఇచ్చి తిరిగి కొనుక్కున్నదట. తవుడు పాటి చేయని బిడ్డను మృత్యువు మాత్రము ఏమని కోరుకుంటుంది? అందుకే తవిటయ్య. మన వైపు ప్రతి వీధిలోనూ ఒక తవిటయ్యో, పెంటయ్యో, బిచ్చయ్యో ఉండేవాడు. వినడానికి హీనముగా ఉన్నా, అంత ప్రేమతో పెట్టిన పేర్లు మరి లేవు.

మా చిన్నతనంలో సెలవులకు వెళ్ళినప్పుడు పెద్దనాన్నగారు మమ్మల్ని బీచికి తీసుకుపోయి 1971 యుద్ధపు ముచ్చట చెప్పేవారు. పాకిస్తాను వారి సబ్‌మెరీను ఘాజీ మన విమానవాహక నౌక విక్రాంతును ముంచడానికి బంగాళాఖాతంలోకి వచ్చినది. విక్రాంతును అండమాను దీవుల వైపు దాచి, రాజపుత్ అనే పాత నౌకను విశాఖ నుంచి బయటకు పంపి, అదే విక్రాంతు అని శత్రువు భ్రమించేటట్లు వైర్‌లెస్ సందేశాలు పంపించారు. డిసెంబరు 3వ తేదీ అర్ధరాత్రి దాటిన తరువాత సముద్రంలో పెద్ద ప్రేలుడు వినిపించి ఊళ్ళో కిటికీ అద్దాలు అదిరాయి. ఘాజీ మునిగినది. మన నౌక జారవిడిచిన బాంబుల వల్లనా, తన లోపలి ప్రేలుడు వల్లనా అన్నది రెండు దేశాలవారూ రెండు విధాలుగా చెబుతారు.

ఆ ఘాజీకి కూడ అది రెండవ పేరే. అమెరికా వారి దగ్గర ఉన్నప్పుడు దాని పేరు డయాబ్లో, అనగా స్పానిష్ భాషలో సైతాను. చేతులు మారగానే ఘాజీ, ధర్మయుద్ధ వీరుడు, అయినది. ఇనుము మాత్రము ఆ ఇనుమే.

"పాత ఓడ కొత్త ఓడ పేరు పెట్టుకుని వెళ్ళి పని చేసుకు వచ్చినదిరా" అని చెప్పి పెద్దనాన్నగారు చాలాసేపు మాట్లాడేవారు కారు. మాకు అప్పుడు తెలియలేదు.

2019లో ఆయన కాలం చేశారు. పెద్దకర్మనాడు పురోహితుడుగారు గోత్రము అడిగి, పేరు అడిగారు. అన్నయ్య, అంటే ఆయన కుమారుడు, "సత్యనారాయణ" అన్నాడు. మా నాన్నగారు "తవిటయ్య" అన్నారు. ఇద్దరూ ఒక్కసారే అన్నారు. పురోహితుడుగారు దర్భ పట్టుకుని ఆగిపోయారు. అప్పుడు మేము, ఇరవై యేండ్ల అనుభవముగల గుమాస్తాలము గనుక, ముందుకు వచ్చి, "రికార్డులన్నిటిలో సత్యనారాయణ అనే ఉన్నది, పెన్షను కాగితాలూ అంతే, ఆ పేరే చెప్పండి" అని తీర్పు ఇచ్చాము. మా నాన్నగారు ఏమీ అనకుండా లేచి పెరట్లోకి వెళ్ళిపోయారు. వెళ్ళి చూస్తే నూతి గట్టు మీద కూర్చుని కళ్ళు తుడుచుకుంటున్నారు.

ఆ రాత్రి మా అమ్మ చెప్పినది. సత్యనారాయణ మా పెద్దనాన్న కాదు. ఆయన పెదతల్లి కొడుకు, ఆ వితంతువుకు ఒక్కడే బిడ్డ. కుటుంబం మొత్తం మీద మొదట మెట్రిక్యులేషను ప్యాసైనవాడు. ఉద్యోగానికి అర్జీ పెట్టుకోకముందే 1959లో జ్వరము వచ్చి మూడు రోజులలో పోయాడు. తవిటయ్య ఎనిమిదవ తరగతితో ఆగినవాడు. ఏడాది తిరగకుండా ఆ తల్లే సర్టిఫికెట్టు తెచ్చి తవిటయ్య చేతిలో పెట్టి, "నా కొడుకు చదువు మట్టిపాలు ఎందుకు కావాలిరా? ఇది పట్టుకుని పో. నెలనెలా నాకు వాడి పేరుతో మనియార్డరు పంపు, చాలు" అన్నదట.

ఆయన పంపించారు. ఆమె బ్రతికినన్నాళ్ళూ ఒక్క నెల తప్పలేదు. తపాలావాడు గుమ్మంలో నిలబడి "సత్యనారాయణ పంపాడమ్మా" అనేవాడు. చదువురాని ఆ తల్లి ఆ కూపను ముక్కలన్నీ రేకు పెట్టెలో దాచుకున్నది. కొడుకుకు ఏటేటా పెట్టవలసిన తద్దినము మాత్రము పెట్టనివ్వలేదు. "ఉద్యోగం చేస్తున్నవాడికి తద్దినమేమిటి?" అనేదట.

ఇది తప్పు కాదని మేము అనము. మా ఆఫీసుకు ఇట్లాంటి కాగితము వస్తే మేమే ఎర్ర సిరాతో గీత గీసి పైకి పంపుదుము. కాని ఆ రాత్రి మాకు నిద్ర పట్టలేదు.

ఈ మధ్య మా అమ్మాయి కాలేజీ లైబ్రరీ నుంచి ఒక ఇంగ్లీషు పుస్తకము తెచ్చినది. 2010లో బెన్ మెకింటైర్ వ్రాసిన "ఆపరేషన్ మిన్స్‌మీట్". నిఘంటువు పక్కన పెట్టుకుని నెల రోజులు చదివాము.

అది 1943 నాటి కథ. బ్రిటిషువారూ అమెరికావారూ సిసిలీ ద్వీపము మీద దిగదలచారు. జర్మనులు మాత్రము గ్రీసు మీదా, సార్డీనియా మీదా దిగుతారని నమ్మాలి. అందుకు యూయెన్ మాంటేగూ, చార్లెస్ చమ్లీ అనే ఇద్దరు ఆఫీసర్లు ఒక శవాన్ని సంపాదించి, దానికి రాయల్ మెరీన్సులో మేజరు దుస్తులు తొడిగి, దొంగ ఉత్తరాల పెట్టె తగిలించి, స్పెయిను తీరాన సముద్రంలో విడవాలని పన్నాగము పన్నారు. స్పెయిను తటస్థ దేశమే గాని అక్కడ జర్మను గూఢచారులు ఉన్నారు.

శవానికి విలియం మార్టిన్ అని పేరు పెట్టారు. విలియం అంటే సంకల్పము, శిరస్త్రాణము అని రెండు ముక్కల అర్థము. మార్టిన్ రోమనుల యుద్ధ దేవత పేరు నుంచి వచ్చినది. వారు అర్థము చూసి పెట్టలేదు. ఆ హోదాలో మార్టిన్లు చాలామంది ఉన్నారు గనుక వెదికేవానికి తెమలదని పెట్టారు. తరువాత మనిషిని తయారుచేశారు. జేబులో నాటకము టిక్కెట్ల ముక్కలు, 79 పౌండ్ల 19 షిల్లింగుల 2 పెన్నీల బాకీ తీర్చమని బ్యాంకువారి ఉత్తరము, పామ్ అనే కాబోయే భార్య వ్రాసిన ప్రేమలేఖలు. ఆ పిల్ల ఫోటో గూఢచారి శాఖలోని ఒక గుమాస్తా పిల్లదే. ఉత్తరాలు వ్రాసినదీ ఆ ఆఫీసువారే. మా జాతివారి చేతిపనికి మేము కొంత గర్వపడ్డామని ఒప్పుకోవాలి. మన దేశానికి కడపటి వైస్రాయిగా వచ్చిన మౌంట్‌బాటెన్ సంతకముతో కూడ అందులో ఒక ఉత్తరము ఉన్నది.

శవాన్ని ఉక్కు డబ్బాలో పొడి మంచు వేసి మూసి, స్కాట్లండు రేవులో సెరాఫ్ అనే సబ్‌మెరీను ఎక్కించారు. సెరాఫ్ అంటే దేవదూతలలో ఒక తెగ. ఈ సబ్‌మెరీనుకు వేషాలు కొత్త కాదు. 1942లో జిరో అనే ఫ్రెంచి సేనాని బ్రిటిషు ఓడ ఎక్కనని పట్టుబడితే, అమెరికా జెండా కట్టి, పేరుకు ఒక అమెరికా కెప్టెనును నిలబెట్టి ఆయనను తీసుకువచ్చినది ఇదే. డబ్బాలో వాతావరణము చూచే యంత్రము ఉన్నదని కెప్టెను జ్యూయెల్ నావికులకు చెప్పాడు. ఏప్రిలు 30వ తేదీ తెల్లవారుజామున హుయెల్వా తీరానికి దగ్గరలో పైకి తేలి, నావికులను లోపలికి పంపి, ఆఫీసర్లు మాత్రమే నిలబడి, ప్రార్థన చదివి శవాన్ని నీటిలో విడిచారు. శవాన్ని ఒక జాలరి కనుగొన్నాడు. ఉత్తరాల నకళ్ళు బెర్లినుకు చేరాయి. హిట్లరు నమ్మి గ్రీసుకు సేన పంపించాడు. జూలై 10న సిసిలీలో దిగినవారిలో ఎందరో ఆ కారణముగా బ్రతికారు.

మరి ఆ శవము ఎవరిది? అర్ధ శతాబ్దము వరకు లోకానికి తెలియలేదు. గ్లిన్‌దూర్ మైకేల్ అనే వేల్సు దేశపు నిరుపేద. తండ్రి బొగ్గు గనిలో పనిచేసి ఆత్మహత్య చేసుకున్నాడు. తల్లి 1940లో పోయినది. దిక్కులేక లండను చేరి, ఎలుకల మందు తిని 1943 జనవరిలో, 34వ యేట చనిపోయాడు. వెల్షు భాషలో గ్లిన్ అంటే లోయ, దూర్ అంటే నీరు. మైకేల్ అంటే హీబ్రూలో "దేవునితో సమానుడెవడు?" అని ప్రశ్న. బ్రతికినన్నాళ్ళు ఎవరూ పిలవని పేరు.

హుయెల్వా శ్మశానములోని రాతి మీద విలియం మార్టిన్ అని చెక్కి, తండ్రి పేరు జాన్ గ్లిన్‌దూర్ మార్టిన్ అని వేశారు. చూశారా, అసలు పేరు తండ్రి పేరు ముసుగులో రాతి మీదనే కూర్చున్నది! ఆయన ఎవరో 1996లో బయటపడినది. 1998లో ఆ రాతి అడుగున ఇంకొక పంక్తి చేర్చారు: గ్లిన్‌దూర్ మైకేల్, మేజర్ విలియం మార్టిన్‌గా సేవ చేశాడు అని.

ఆ పంక్తి దగ్గర మేము పుస్తకము మూసి కూర్చున్నాము. పాత పేరు చెరిపి కొత్త పేరు వ్రాయలేదు. కొత్తది అబద్ధమని గీకివేయనూ లేదు. రెండూ ఉంచి, మధ్య ఉన్న సంబంధము చెప్పారు. ఇరవై యేండ్లు పేర్లు వ్రాసిన మాకు ఈ చిన్న ఉపాయము తోచలేదు. పెద్దకర్మనాడు మేము ఒక్క తీర్పుతో ఇద్దరిని పోగొట్టాము. తవిటయ్యను పిలవలేదు. సత్యనారాయణ అని పిలిచినది ఎవరిని?

మర్నాడు అన్నయ్యకు ఫోను చేసి అంతా చెప్పాము. మొదట కోపగించుకున్నాడు. "నాన్న పేరు మార్చమంటావా?" అన్నాడు. "మార్చవద్దు, కలుపుదాము" అన్నాము. రెండు రోజులు మాట్లాడలేదు. మూడవనాడు తానే ఫోను చేసి, "రేకు పెట్టె ఇంకా ఉన్నదా?" అని అడిగాడు. ఉన్నది, మా అమ్మ దగ్గర.

మొన్నటి మహాలయ పక్షానికి అన్నయ్య బరంపురం వచ్చాడు. మా నాన్నగారికి ఎనభై సమీపిస్తున్నవి. చేయి వణుకుతున్నా నీళ్ళు తానే వదిలారు. ముందు "తవిటయ్య" అన్నారు. తరువాత కాస్త ఆగి, 1959 నుంచి ఏ పురోహితుడూ పలకని పేరు, జ్వరముతో పోయిన ఆ పిల్లవాని పేరు, "సత్యనారాయణ" అన్నారు. అన్నయ్య పక్కన కూర్చుని రెండు పేర్లకూ నువ్వులు అందించాడు.

పెద్దనాన్నగారి పటము అడుగున మేమే మా గుమాస్తా దస్తూరీతో ఒక పంక్తి వ్రాశాము: "తవిటయ్య. సత్యనారాయణ పేరుతో ముప్పది ఎనిమిదేండ్లు ఉద్యోగము చేసి, ఆ తల్లికి కొడుకైనవాడు."

మన కుటుంబాలు ఊరు మారి, భాషల నడుమ బ్రతికి, తరతరాలుగా పేర్లు పోగొట్టుకున్నవి. మీ ఇంట్లోనూ ఇట్లాంటి పేరు ఒకటి అటక మీద పెట్టెలో ఉండవచ్చును. పెద్దలు ఉండగానే అడిగి వ్రాసి పెట్టుకొమ్మని మా మనవి. రికార్డులో ఉన్నదీ వ్రాయండి, పెరట్లో నూతి గట్టు మీద కూర్చున్నవారికి తెలిసినదీ వ్రాయండి.