బ్రాడీపేటలో జాక్ రోజ్

బ్రాడీపేటలో అడ్రస్ చెప్పడం తేలిక. 4/7 అంటే నాలుగో లైను, ఏడో అడ్డరోడ్డు. మా కోడ్ రాసే బ్యాచ్‌కి అయితే టూ డైమెన్షనల్ అర్రే అంటే చాలు, వెతుక్కుంటూ వచ్చేస్తారు. పేరులో ఇంగ్లీషు దొర, రోడ్లు చూస్తే గ్రాఫ్ కాగితం, మాట మాత్రం అచ్చ గుంటూరు. శంకర్ విలాస్ సెంటర్ దగ్గర ఆటో దిగి లోపలికి నడిస్తే కోచింగ్ సెంటర్లు, హాస్టళ్లు, క్లినిక్‌లు, వాటిని ఆనుకుని మందుల షాపులు. మన దగ్గర 'మందు' అంటే రెండర్థాలు కాబట్టి ముందే చెబుతున్నా. ఈ కథకి కావాల్సింది మందుల షాపే, మందు షాపుతో పని లేదు.

పోయిన సంక్రాంతికి మా పెద్దమ్మ కొడుకు న్యూజెర్సీ నుంచి వచ్చాడు. గుంటూరుకీ న్యూజెర్సీకీ ఉన్న చుట్టరికం మీకు కొత్తగా చెప్పక్కర్లేదు. మా లైనులో సాయంత్రం అరుగుల మీద కూర్చుంటే ఎడిసన్ అనే ఊరి పేరు తెనాలి పేరంత మామూలుగా వినిపిస్తుంది. అందరూ బాదం పప్పు, చాక్లెట్లు తెస్తే అన్నయ్య నాకోసం ఒక సీసా తెచ్చాడు. బయటి దేశం నుంచి వచ్చేవాళ్లు తలా రెండు లీటర్ల వరకు సుంకం కట్టకుండా మద్యం తెచ్చుకోవచ్చు. తను తెచ్చింది యాపిల్‌జాక్. యాపిల్ బ్రాందీ అన్నమాట. "ఇది మా ఊరి సరుకురా" అన్నాడు. మా ఊరు అంటే ఇప్పుడు తనకి న్యూజెర్సీ.

నిజంగానే అది అక్కడి సరుకు. యాపిల్ రసాన్ని పులియబెడితే సైడర్ వస్తుంది. దాన్ని బట్టీ పెడితే యాపిల్ బ్రాందీ. ఫ్రాన్సులో నార్మండీ వైపు చేసేదాన్ని కాల్వడోస్ అంటారు. అమెరికాకి వలస వెళ్లిన తొలితరం వాళ్లకి ఇంకో తేలిక దారి దొరికింది. చలికాలం సైడర్ పీపాలని ఆరుబయట వదిలేసేవాళ్లు. నీళ్లు ముందు గడ్డకడతాయి, ఆల్కహాల్ కట్టదు. పైన తేలిన మంచు తీసి పారేస్తే అడుగున మిగిలేది ఘాటు సరుకు. ఆ పనిని 'జాకింగ్' అన్నారు, పేరులో ఆ ముక్క అలాగే ఉండిపోయింది. న్యూజెర్సీలో లెయిర్డ్ కుటుంబం 1780 నుంచి ఈ వ్యాపారంలో ఉంది. ఇప్పుడు వాళ్ల బట్టీ వర్జీనియాలో ఉన్నా, 'జెర్సీ లైట్నింగ్' అంటే జెర్సీ పిడుగు అనే పాత ముద్దుపేరు పోలేదు.

ఇది చదివి సైడర్‌ని ఫ్రీజర్లో పెట్టే ఆలోచన వస్తే అక్కడే ఆపేయండి. గడ్డకట్టిస్తే ఆల్కహాల్‌తో పాటు ఒంటికి పడని పదార్థాలు కూడా చిక్కబడతాయి, వాటిని విడదీసే వీలుండదు. పైగా లైసెన్సు లేకుండా మద్యం తయారు చెయ్యడం మన రాష్ట్రంలో నేరం. లైసెన్సు ఉన్న సీసా కొని ఇంట్లో కలుపుకోవడం వేరు. అదీ 21 దాటినవాళ్ల సంగతే.

ఈ యాపిల్‌జాక్‌తో చేసే పాత కాక్‌టెయిల్ పేరు జాక్ రోజ్. యాపిల్‌జాక్‌లోంచి జాక్, గులాబీ రంగులోంచి రోజ్ అని ఎక్కువ మంది చెప్పే మాట. హెమింగ్వే 1926లో రాసిన 'ది సన్ ఆల్సో రైజెస్' నవలలో హీరో ప్యారిస్ హోటల్లో కూర్చుని తాగేది ఇదే. డేవిడ్ ఎంబరీ అనే లాయరు 1948లో కాక్‌టెయిళ్ల మీద ఒక పుస్తకం రాసి, అందరూ నేర్చుకోవాల్సిన ఆరింటిలో దీన్ని చేర్చాడు. ఆ ఆరింటిలో మార్టినీ, మన్‌హాటన్ లాంటివి మీరు సినిమాల్లో విన్నవే. జాక్ రోజ్ మాత్రం మెల్లగా మరుగున పడింది.

రెసిపీ చూసి నవ్వొచ్చింది. మూడే వస్తువులు: యాపిల్‌జాక్, నిమ్మరసం, గ్రెనడిన్. గ్రెనడిన్ అంటే ఏదో అనుకుంటాం, ఫ్రెంచిలో గ్రెనాడ్ అంటే దానిమ్మ. దానిమ్మ రసంలో పంచదార కలిపితే అదే గ్రెనడిన్. సూపర్ మార్కెట్లో ఆ పేరుతో దొరికే ఎర్ర సీసాల్లో చాలావాటికి దానిమ్మతో సంబంధం ఉండదు, పంచదార పాకంలో రంగు, ఎసెన్సు వేసి నింపుతారు. అంటే మూడింట్లో రెండు మన తోపుడు బండి మీదే ఉన్నాయి. నిమ్మకాయకి పక్కనే తెనాలి మార్కెట్టు, దానిమ్మకి అనంతపురం. ప్యారిస్ హోటల్ డ్రింకులో రెండు వంతులు ఆంధ్రా సరుకే.

నిమ్మకాయ విషయంలో ఒక చిన్న మెలిక ఉంది. పాశ్చాత్య రెసిపీల్లో లెమన్, లైమ్ అని రెండు ఉంటాయి. లెమన్ అంటే పసుపు పచ్చగా, పెద్దగా, మందం తొక్కతో ఉండేది. మన నిమ్మకాయ లైమ్ జాతి. తొక్క పల్చన, కాయ చిన్నది, పులుపు, వాసన రెండూ పదును. జాక్ రోజ్‌కి రెండూ వాడతారు కాబట్టి మనకి ఇబ్బంది లేదు. ఒక గ్లాసుకి చిన్న కాయలైతే రెండు తీసుకోండి. కోసేముందు అరచేత్తో బల్లమీద గట్టిగా దొర్లిస్తే రసం బాగా దిగుతుంది. ఇది ఇంటర్నెట్ చెప్పేలోపే అమ్మ చెప్పింది.

పనిముట్లకి పెద్ద ఖర్చు లేదు. షేకర్ బదులు బిగుతు మూత ఉన్న స్టీలు వాటర్ బాటిల్, జాలీ బదులు టీ వడపోసేది. అసలు కావాల్సింది కొలత, దానికే మందుల షాపు. దగ్గు మందు సీసాతో వచ్చే ప్లాస్టిక్ మూత చూడండి, దాని మీద 5, 10, 15 మిల్లీలీటర్లు అని గీతలు ఉంటాయి. బార్‌లో వాడే జిగ్గర్‌కన్నా ఇదే కచ్చితం. బ్రాడీపేటలో ఈ మూత లేని ఇల్లు ఉండదు.

వస్తువులన్నీ కుదిరాయి. కుదరాల్సింది ఇల్లు.

మా అమ్మ పుట్టిల్లు అద్దంకి వైపు పల్లె. మిరప కోతలు, పత్తి తీతలు, సాయంత్రానికి చేతికొచ్చే కూలి, దారిలో సారా కొట్టు. ఆ కొట్టు దాటి కూలి డబ్బులు ఇంటికి చేరడమే ఆ రోజుల్లో పెద్ద పని అని అమ్మ చెప్పేది. 1992లో నెల్లూరు జిల్లాలో దూబగుంట రోశమ్మ, ఆమెతో పాటు పల్లె ఆడవాళ్లు సారా మీద తిరగబడ్డారు. ఆ ఉద్యమం జిల్లాలు దాటింది. 1993లో సారా నిషేధం, 1995లో ఎన్టీఆర్ హయాంలో సంపూర్ణ మద్య నిషేధం, 1997లో అది ఎత్తేయడం, ఇవన్నీ మన తరం పరీక్షల కోసం చదివిన తేదీలు. అమ్మకి అవి ఇంటి సంగతులు. నిషేధం వచ్చేలోపే మా పెద్ద మావయ్య పోయాడు. నలభై నిండలేదు. అప్పటికి నేను పుట్టలేదు. ఫొటోలో చూడటమే.

అందుకే మా ఇంట్లో రూలు ఒకటే: సీసా కంటికి కనపడకూడదు. నాన్న ఎప్పుడైనా పండక్కి న్యూస్‌పేపర్లో చుట్టిన క్వార్టర్ పట్టుకుని డాబా ఎక్కుతాడు. అమ్మకి తెలుసు. అమ్మకి తెలుసని నాన్నకీ తెలుసు. కిందకి దిగాక యాలకులు నములుతూ టీవీ ముందు కూర్చుంటాడు. ముప్ఫై ఏళ్లుగా ఇదే నడుస్తోంది, ఎవరూ మాటెత్తరు.

నేను వంటింట్లో దానిమ్మ గింజలు ఒలుస్తుంటే అమ్మ వచ్చింది. "ఏందిరా, ఇన్ని ఒలుస్తున్నావు?" అంది. దాచాలనిపించలేదు. అన్నయ్య తెచ్చిన సీసా సంగతి, రెసిపీ సంగతి చెప్పేశా. కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "డాబా మీదకి మాత్రం పోబాక. చేసేదేదో ఇక్కడే, నా ఎదురుగా చెయ్యి" అంది.

గ్రెనడిన్ తనే చేసింది. గింజల్ని మిక్సీలో రెండు తిప్పులు తిప్పాలి. ఎక్కువ తిప్పితే లోపలి విత్తనం నలిగి వగరొస్తుంది. వడగట్టిన రసం ఒక కప్పు, పంచదార ఒక కప్పు, సన్న సెగ. పంచదార కరిగితే చాలు, మరగనివ్వకూడదు. "పాకం పట్టకు, రుచి చస్తుంది" అని అమ్మే పొయ్యి కట్టేసింది. చల్లారాక నాలుగు చుక్కలు నిమ్మరసం. గాజు సీసాలో పోసి ఫ్రిజ్‌లో పెడితే రెండు వారాలు ఢోకా లేదు.

ఇక కలపడం. స్టీలు బాటిల్లో యాపిల్‌జాక్ 45 మిల్లీలీటర్లు, నిమ్మరసం 20, గ్రెనడిన్ 15. నిండా ఐస్ ముక్కలు. మూత బిగించి పదిహేను సెకన్లు గట్టిగా ఊపాలి. బాటిల్ పట్టుకోలేనంత చల్లబడితే అయినట్టు. వడపోసి గ్లాసులోకి పోస్తే పల్చటి గులాబీ రంగు. ఐస్ కరిగిన నీళ్లు కూడా రెసిపీలో భాగమే, ఊపకుండా కలిపితే ఘాటు గొంతు పట్టుకుంటుంది.

మందు మూతతో మూడుసార్లు పోస్తుంటే అమ్మ వంగి గీత చూసింది. "అంతేనా?" "అంతే." "మళ్లీ ఇంకోటి?" "లేదు, నాకొకటి, నాన్నకొకటి." అమ్మ గ్లాసు వైపు చూస్తూనే అంది, "మా అన్నయ్య గ్లాసుకి గీత ఉండేది కాదురా."

ఒక మాట స్పష్టంగా చెప్పాలి. గీత అందరినీ కాపాడదు. మావయ్యకి సారా ఒక జబ్బు, జబ్బుకి డాక్టర్ కావాలి. మీ ఇంట్లో అలాంటి మనిషి ఉంటే ఈ రెసిపీ ఆ ఇంటికి వద్దు. కానీ మనలో చాలామంది తాగడం నేర్చుకునేది ఎలాగో ఆలోచించండి. హాస్టల్ గదిలో తలుపేసుకుని, లేదా ఊరి బయట బైకు మీద, 180 మిల్లీలీటర్ల సీసా ఎంత తొందరగా ఖాళీ అయితే అంత మంచిదని. దాచి తాగేదానికి కొలత ఉండదు. మూడు వస్తువులు పిండి, వడగట్టి, కొలిచి, ఊపి చేసుకునేసరికి రెండోది చేసే ఓపిక కూడా మిగలదు.

నాన్నని డైనింగ్ టేబుల్ దగ్గరికి పిలిచా. ముందు అమ్మ మొహం చూశాడు, తర్వాత గ్లాసు చూశాడు. ఒక గుక్క తాగి, "షర్బత్ లాగుంది, చివర్లో యాపిల్ వాసనొస్తంది" అన్నాడు. అరగంట కూర్చున్నాం. తన ఉద్యోగంలో మొదటి సంవత్సరం కబుర్లు చెప్పాడు, నేనెప్పుడూ విననివి. లేచేముందు, "డాబా కన్నా ఇక్కడే నయం, దోమల్లేవు" అన్నాడు. అమ్మ వినపడనట్టు పప్పు పోపు పెట్టుకుంటోంది.

యాపిల్‌జాక్ మన షాపుల్లో దొరుకుతుందని ఆశ పెట్టుకోకండి. మామూలు బ్రాందీ 40, యాపిల్ జ్యూస్ 15 వేసి గ్రెనడిన్ తగ్గిస్తే దూరపు చుట్టంలా ఉంటుంది. మన బ్రాందీల్లో చాలావాటికి మొలాసిస్ స్పిరిట్ ఆధారం కాబట్టి పండు వాసన తక్కువ, నిమ్మకాయే బండి లాగాలి.

మా ఇంట్లో హిట్ అయింది మాత్రం అమ్మ గ్లాసు. నిమ్మరసం 20, గ్రెనడిన్ 30, చిటికెడు ఉప్పు, ఐస్, మిగతాదంతా గోలీ సోడా. మద్యం చుక్క లేదు, రంగు అదే. గుంటూరు ఎండకి దీనికి మించింది లేదు. పక్కింటి పిల్లలు ఇప్పుడు బెల్లు కొట్టి మరీ అడుగుతున్నారు. యాపిల్‌జాక్ సీసాలో ఇంకా సగం పైనే ఉంది. బీరువాలో, పట్టుచీరల పక్కన. తాళం అమ్మ దగ్గర.