ఆ అమ్మాయిలు తిరిగిన షింజుకు

టోక్యోలోని షింజుకు స్టేషన్లో పడమటి వైపు బయటికొస్తే తలెత్తక తప్పదు. అన్నీ ఆకాశహర్మ్యాలే! టోక్యో ప్రభుత్వ కార్యాలయమైతే ఏకంగా 243 మీటర్లు. లిఫ్టులో 45వ అంతస్తుకెళ్లి నగరమంతా చూడొచ్చు, టిక్కెట్టు లేదు. 1965 దాకా ఇక్కడ ఉన్నది మంచినీళ్ల శుద్ధి కేంద్రం. దాన్ని మూసేశాక మొదటి పెద్ద హోటల్‌ 1971లోగానీ తెరుచుకోలేదు. ఆ మధ్యలో, మేడలింకా లేస్తుండగా, నిక్కత్సు స్టూడియో షింజుకులో ఓ సినిమా తీసింది. పేరు 'స్ట్రే క్యాట్‌ రాక్‌'. అంటే వీధి పిల్లులన్నమాట.

ఆ పిల్లులు ఆడపిల్లల ముఠా. నాయకురాలు మీకో కాజీ. బైకు మీద ఊళ్లోకి దిగే గాయని అకికో వాడా. ఇల్లూ వాకిలీ ఊసే ఉండదు, ఎదురొచ్చిన మగ రౌడీలతో కొట్లాటే. ఇలాంటి అమ్మాయిల్ని జపాన్‌లో 'సుకెబన్‌' అంటారు. బడి యూనిఫాం లంగాని చీలమండల దాకా దించేసి తిరిగిన నిజం అమ్మాయిలకీ అదే పేరు.

స్టూడియోలకి వీళ్లమీద ప్రేమేం లేదు. 1958లో 112 కోట్ల టిక్కెట్లు తెగిన జపాన్‌ థియేటర్లలో 1970కల్లా తెగినవి 25 కోట్లే. జనం టీవీకి అతుక్కుపోయారు. టీవీ చూపించలేనిది చూపించాలి... అదీ లెక్క. తోయే సంస్థ 1971 నుంచి తీసిన సుకెబన్‌ చిత్రాల్లో తిరుగుబాటు కన్నా ఒంటి ప్రదర్శనే ఎక్కువ. అదే ఏడాది చివర్లో నిక్కత్సు పూర్తిగా శృంగార చిత్రాలకి మళ్లింది. కాజీ ఆ దారిలో నడవనని వెళ్లిపోయింది. 'కిల్‌ బిల్‌'లో వినిపించే జపాన్‌ పాటల్లో రెండు ఆమెవే.

అయినా ఆ బురదలోనే ఓ మంచి సినిమా ఉంది. ఈ వరసలో మూడోది. పేరు పిల్లల ముందు చెప్పుకునేది కాదుగానీ, కథ గట్టిది. షింజుకులో చువో లైను రైలెక్కితే పడమరగా అరగంట పైచిలుకు ప్రయాణంలో వచ్చే తచికావా ఆ కథకి వేదిక. అప్పుడక్కడ అమెరికా వైమానిక స్థావరం ఉండేది. అమెరికన్‌ సైనికులకీ జపాన్‌ తల్లులకీ పుట్టిన పిల్లల్ని ఊళ్లోంచి తరిమెయ్యాలంటుంది మగ ముఠా. వెడల్పు టోపీ పెట్టుకున్న కాజీ వాళ్లకి అడ్డం నిలబడుతుంది. జపాన్‌ పెద్ద సినిమాలు అంతగా ముట్టుకోని గాయాన్ని ఈ చౌక సినిమా కెలికింది!

స్థావరాన్ని 1977లో జపాన్‌కి తిరిగిచ్చేశారు. 1983లో అక్కడ షోవా స్మారక పార్కు తెరిచారు. వసంతంలో తులిప్‌లు, శరత్తులో కాస్మోస్‌ పూలు. కుటుంబాలు సైకిళ్లు అద్దెకి తీసుకుని తిరుగుతుంటాయి. పక్కనే, మిగిలిన రన్‌వే మీద జపాన్‌ సైన్యం హెలికాప్టర్లు దిగుతుంటాయి.