అమ్మకు డబ్లిన్ నుంచి

డబ్లిన్, ఆదివారం రాత్రి

అమ్మా,

క్షేమంగా చేరాం. నాకు మాత్రం దిగిన రోజే జలుబు పట్టుకుంది. ఇక్కడి వాన మన వానలాగా కురిసి వెళ్లిపోదు. పొద్దుటి నుంచి సన్నగా పడుతూనే ఉంది, మధ్యలో ఎండ కాసినా ఆగలేదు. మీ అల్లుడు విమానంలోనే నిద్రంతా తీర్చేసుకుని హుషారుగా తిరుగుతున్నారు. నాకు ముక్కు మూసుకుపోయి ఏ వాసనా తెలియడం లేదు. మధ్యాహ్నం నీ మిరియాల చారు తలపుకొచ్చి కాసేపు ఎవరితోనూ మాట్లాడబుద్ధి కాలేదు.

ట్రినిటీ కాలేజీలో కెల్స్ గ్రంథం అనే పాత రాతప్రతి చూశాం. జనం చాలా ఉన్నారు.

నేను ఎవరి కోసం వచ్చానో నీకు తెలుసు. ఎమ్మే చదివేటప్పుడు బ్రిటిష్ పాలన మీద తిరగబడ్డ లార్డ్ ఎడ్వర్డ్ ఫిట్జ్‌జెరాల్డ్ కథ చెప్పి చెప్పి నీకు వంటింట్లో పని తెమలనిచ్చేదాన్ని కాదు. సాయంత్రం అతను పట్టుబడిన థామస్ స్ట్రీట్‌కి వెళ్లాం. దుకాణాలూ బస్సులూ ఉన్న మామూలు వీధే. 1798 మే 19న ఈ వీధిలో నికొలస్ మర్ఫీ అనే ఈకల వ్యాపారి ఇంట్లో దాక్కుని ఉన్నాడు. పట్టిచ్చినవాళ్లకి 1,000 పౌన్లు ఇస్తామని ప్రభుత్వం ప్రకటించింది. ఒంట్లో బాగాలేక మేడమీద గదిలో పడుకుని ఉండగా పట్టుకోవడానికి అధికారులు వచ్చారు. కత్తి తీసి తిరగబడ్డాడు. అతని పోటుకి కెప్టెన్ రయాన్ తర్వాత చనిపోయాడు. మేజర్ హెన్రీ సర్ పిస్తోలుతో కాలిస్తే గాని అతను లొంగలేదు.

ఆ గాయమే విషమించి జూన్ 4న న్యూగేట్ జైల్లో పోయాడు. విచారణంటూ జరగలేదు. 34 ఏళ్లు, అమ్మా. తమ్ముడికన్నా రెండేళ్లే పెద్ద. వాడి సంబంధం సంగతి ఏమైంది? అమ్మాయి వైపు ఆస్తి లేదని నువ్వు ఇంకా నసుగుతున్నావని వాడు మెసేజ్ పెట్టాడు.

తుమ్ములు ఆగడం లేదు. పడుకుంటాను.


మేనూత్, మంగళవారం

అమ్మా,

ఇవాళ ఎండ. జలుబు కొంచెం నయం, మనసూ తేలికపడింది.

డబ్లిన్ నుంచి రైల్లో వచ్చాం. ఎడ్వర్డ్ వాళ్ల కుటుంబపు పెద్ద భవనం కార్టన్ ఈ ఊరి పక్కనే ఉంది. ఇప్పుడది హోటలు, చుట్టూ గోల్ఫ్ మైదానాలు. చెట్ల మధ్య దారి బాగుంది, నడుద్దామన్నాను. నాకు ఒంట్లో బాగాలేదని మీ అల్లుడు ట్యాక్సీ పిలిచారు. దిగాక డ్రైవరు మీటరు మీద కనిపించిన దానికన్నా ఎక్కువ అడిగాడు, ఫోనులో పిలిచినందుకట. ముందే ఎందుకు చెప్పలేదని మీ అల్లుడు, చెప్పక్కర్లేదని అతను. అగ్నికి ఆజ్యం పోసినట్టు మధ్యలో నేను దూరాను. చివరికి ఇచ్చేశాం. తిరిగి వచ్చేటప్పుడు నడిచే వచ్చాం.

ఊళ్లో ఒక చిన్న హోటల్లో బంగాళాదుంపల సూపు, సోడా రొట్టె తిన్నాం. వచ్చిన దగ్గర్నుంచి నోటికి రుచి తెలిసింది ఇప్పుడే. రొట్టె ముదురు రంగులో, పైన పెచ్చు గట్టిగా, లోపల మెత్తగా ఉంది. ఈస్టు వేయరట. గోధుమపిండిలో మజ్జిగ పోసి, తినే సోడా కలిపి కాలుస్తారని వడ్డించినావిడ చెప్పింది. వెన్న మందంగా రాసుకుని రెండు ముక్కలు తిన్నాను. సూపులో మిరియాల పొడి నేను దట్టిస్తుంటే ఆవిడ ఆశ్చర్యంగా చూసింది. ఆ రొట్టె నువ్వు చెయ్యగలవు, నాన్నకి నచ్చుతుంది. ఆయన బీపీ మాత్రలు సరిగ్గా వేసుకుంటున్నారా?

ఇంత పెద్ద ఇంటి బిడ్డ తిరుగుబాటు దారి ఎలా పట్టాడని రైల్లో మీ అల్లుడు అడిగారు. తండ్రి లీన్‌స్టర్ డ్యూక్. తల్లి ఎమిలీకి 20 మందికి పైగా పిల్లలు, రూసో పుస్తకాలు చదివి ఆ పద్ధతిలో పెంచాలనుకుంది. ఎడ్వర్డ్ కుర్రతనంలోనే బ్రిటిష్ సైన్యంలో చేరి అమెరికా యుద్ధానికి వెళ్లాడు. 1781లో యూటా స్ప్రింగ్స్ దగ్గర తొడకి దెబ్బ తగిలి పడిపోతే, బానిసత్వం నుంచి తప్పించుకున్న టోనీ స్మాల్ అనే నల్లజాతి యువకుడు తన గుడిసెకి మోసుకెళ్లి బతికించాడు. ఆ తర్వాత ఎడ్వర్డ్ బతికినంతకాలం ఇద్దరూ విడిపోలేదు. కెనడా అడవుల్లో తిరిగినప్పుడూ టోనీ పక్కనే ఉన్నాడు. అక్కడ దొరలంటూ లేరనీ, పనిచేసే వాళ్లంతా సమానమేననీ, అది తనకెంతో నచ్చిందనీ ఎడ్వర్డ్ తల్లికి రాశాడు. డెట్రాయిట్ దగ్గర స్థానిక తెగవాళ్లు అతన్ని తమ ఎలుగుబంటి వంశంలో చేర్చుకున్నారు.

నా ఉద్దేశంలో అతన్ని మార్చింది ఈ మనుషులే. పుస్తకాలు తర్వాత వచ్చాయి. 1783 నుంచి ఐరిష్ పార్లమెంటులో సభ్యుడు, ముందు అథై నుంచి, తర్వాత కిల్డేర్ నుంచి. 1792లో పారిస్‌లో థామస్ పెయిన్‌తో ఉంటూ, ఒక విందులో తన బిరుదు వదులుకుంటున్నానని పదిమంది ఎదుటా చెప్పాడు. సైన్యం అతన్ని తీసేసింది. 1796లో తిరుగుబాటుకి సిద్ధమవుతున్న విప్లవ సంఘం యునైటెడ్ ఐరిష్‌మెన్‌లో చేరాడు.


డబ్లిన్, గురువారం

అమ్మా,

మళ్లీ వాన. సామాను సర్దుతూ రాస్తున్నాను.

డబ్లిన్ కోట వెనక సెయింట్ వెర్‌బర్గ్ చర్చికి వెళ్లాం. తలుపు వేసి ఉంది, బయటే నిలబడ్డాం. ఎడ్వర్డ్ ఈ చర్చి కింది నేలమాళిగలో ఉన్నాడు. అతన్ని కాల్చిన మేజర్ సర్ సమాధి కూడా ఈ ఆవరణలోనే ఉంది. చివరి రాత్రి పిన్ని లూయిసా, అన్న హెన్రీ మాత్రమే జైల్లో చూడగలిగారు. తల్లి ఇంగ్లండ్‌లో ఉండిపోయింది. భార్య పమేలాని ముగ్గురు పసిపిల్లలతో దేశం విడిచి వెళ్లమన్నారు. చనిపోయాక కూడా పార్లమెంటు అతన్ని ద్రోహిగా తీర్మానించి ఆస్తి లాక్కుంది. ఆ తీర్మానం 1819లో గాని రద్దు కాలేదు.

దారిలో ఎడ్వర్డ్ వాళ్ల నగర నివాసం లీన్‌స్టర్ హౌస్ చూశాం. 1922 నుంచి స్వతంత్ర ఐర్లండ్ పార్లమెంటు అందులోనే సమావేశమవుతోంది.

నీకు చెప్పాల్సింది ఇంకొకటుంది. పమేలా తల్లిదండ్రులెవరో లోకానికి సరిగ్గా తెలియదు, రకరకాలుగా చెప్పుకునేవాళ్లు. డచెస్ అయివుండీ ఎమిలీ ఆ పిల్లని ప్రేమగా కోడలిగా తెచ్చుకుంది. తమ్ముడి సంబంధంలో ఆస్తి మాట ఇక ఎత్తకమ్మా. అమ్మాయి మంచిది, వాడికి నచ్చింది. మేము వచ్చేలోపు వాళ్లింటికి కబురు పంపు.

నీ కూతురు