కోఠీ నుంచి కాలాపానీకి

2025 అక్టోబరు 26, ఆదివారం

అండమాన్ అని ఖాయమైంది. జనవరి 23 శుక్రవారం ఒక్కరోజు సెలవు పెడితే రిపబ్లిక్ డే సోమవారం దాకా నాలుగు రోజులు కలిసొస్తాయి. అమ్మాయికి సముద్రం కావాలి. ఆయనకు సెల్యులార్ జైలు చూడాలని ఎన్నాళ్లనుంచో ఉంది.

మధ్యాహ్నం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాల కుప్పల్లో అండమాన్ మ్యాపు ఒకటి దొరికింది. మడతల దగ్గర చిరిగింది, పేర్లన్నీ పాతవి. ఇంటికొచ్చి పక్కన పెన్సిల్‌తో కొత్తవి రాశాను. రాస్ ఇప్పుడు నేతాజీ సుభాష్ చంద్రబోస్ ద్వీప్, నీల్ షహీద్ ద్వీప్. ఈ రెండూ 2018 చివర మార్చారు. పోర్ట్ బ్లెయిర్ నిరుడు శ్రీ విజయపురం అయింది.

బీరువాలో పాత ఎర్ర ఇరవై రూపాయల నోటుంటే తీసి అమ్మాయికి చూపించాను. వెనకవైపు కొబ్బరిచెట్లు, సముద్రం, దూరాన దీపస్తంభం. అది మౌంట్ హారియట్ మీద నుంచి కనిపించే నార్త్ బే. ఇన్నేళ్లు చేతులు మారిన బొమ్మ, ఎవరమూ ఎక్కడిదని అడగలేదు. 1891 యుద్ధం తర్వాత మణిపూర్ రాజవంశీకుల్ని ఆ కొండ దగ్గరే ఉంచారు. అందుకే 2021లో దానికి మౌంట్ మణిపూర్ అని పేరు పెట్టారు.

అక్టోబరు 31, శుక్రవారం

వైజాగ్ నుంచి తమ్ముడు ఫోన్. "విమానం ఎందుకక్కా, ఇక్కడికొచ్చి ఓడెక్కండి. సముద్రం అంటే ఏంటో అప్పుడు తెలుస్తుంది" అన్నాడు. నిజమే కానీ ఓడలో సుమారు యాభై ఆరు గంటలు. నాలుగు రోజుల సెలవులో రెండున్నర రోజులు దారికే పోతే ఎలా? ఇక్కడినుంచి విమానమే.

వాడే ఇంకో మాట చెప్పాడు. అల్లూరి అనుచరుడు గాం మల్లుదొర అండమాన్ శిక్ష అనుభవించి వచ్చి, 1952లో లోక్‌సభకు ఎన్నికయ్యాడు. ఆయనను జైల్లో తలచుకుని రమ్మన్నాడు. రాసి పెట్టుకున్నాను.

నవంబరు 2, ఆదివారం

ఖైరతాబాద్‌లో మెట్రో ఎక్కి నాంపల్లి దాటి ఉస్మానియా మెడికల్ కాలేజీ దగ్గర దిగాం. అమ్మాయిని కోఠీ రెసిడెన్సీ ముందు నిలబెట్టి చెప్పాలనే తీసుకెళ్లాను. ఇప్పుడది చాకలి ఐలమ్మ మహిళా విశ్వవిద్యాలయం.

1857 జూలై 17 సాయంత్రం మౌల్వీ అల్లావుద్దీన్, తుర్రేబాజ్ ఖాన్ వందలమందిని వెంటబెట్టుకుని ఈ రెసిడెన్సీ మీదికి వచ్చారు. లోపల బంధించిన జమేదార్ చీదాఖాన్‌ను విడిపించాలన్నది వాళ్ల పంతం. పుత్లీబౌలి వైపు ఇళ్లలో చేరి రాత్రంతా కాల్పులు జరిపారు. ఫిరంగుల ముందు నిలవలేకపోయారు. తుర్రేబాజ్ ఖాన్ పట్టుబడి, తప్పించుకుని, 1859లో తూప్రాన్ దగ్గర ప్రాణాలు వదిలాడు. అల్లావుద్దీన్‌ను అదే ఏడాది అండమాన్‌కు పంపారు. ఆయన మళ్లీ హైదరాబాద్ చూడలేదు.

"అయితే సెల్యులార్ జైల్లో ఆయన గది ఉంటుందా అమ్మా?" అంది అమ్మాయి. ఉండదు. ఆ జైలు కట్టడం మొదలుపెట్టిందే 1896లో, పూర్తయింది 1906లో. తొలి రెండు వందల మంది ఖైదీలతో డాక్టర్ వాకర్ అక్కడ దిగింది 1858 మార్చి 10న. అప్పుడు గోడలు లేవు, అడవే. ఛాతం, రాస్, వైపర్ దీవుల్లో ఆ అడవిని ఖైదీల చేతే నరికించారు, వాళ్ల చేతే ఇళ్లు కట్టించారు. చుట్టూ సముద్రమే ప్రహరీ. మల్లుదొర కాలానికి ఏడు వరుసల జైలు వచ్చింది, దాదాపు ఏడు వందల గదులతో. ఇప్పుడు మూడు వరుసలే మిగిలాయి.

ఇంటికొచ్చాక అమ్మాయి టేపు తీసుకుని హాల్లో సుద్దముక్కతో గది గీసింది. నాలుగున్నర మీటర్లు పొడవు, 2.7 వెడల్పు. గాలి కోసం కిటికీ మూడు మీటర్ల ఎత్తున. ఆ గీతల మధ్య కాసేపు కూర్చుంది. నేను పిలవలేదు.

నవంబరు 5, బుధవారం

కింది వాటాలో సోంపేట వాళ్లున్నారు. వాళ్ల బాబాయిగారి కుటుంబం ముప్పై ఏళ్లుగా అండమాన్‌లోనే ఉంటోందట. "భాష గురించి బెంగ వద్దండీ, బజారులో తెలుగు వినిపిస్తూనే ఉంటుంది" అన్నారామె. 2011 జనాభా లెక్కల్లో అండమాన్ నికోబార్లో నూటికి పదమూడు మంది మాతృభాష తెలుగని ఉంది. కాలాపానీ అని భయపడ్డ చోటికి మనవాళ్లు బతుకుతెరువుకు వెళ్లి ఇళ్లు కట్టుకున్నారు. ఈ సంగతి నాకు చాలా సంతోషం కలిగించింది.

నవంబరు 9, ఆదివారం

ఇవాళ కూర్చుని రోజులు పంచాను.

అక్కడ పొద్దు తొందరగా వాలుతుంది. మన గడియారానికి ఆధారమైన రేఖ కాకినాడ పక్క నుంచి పోతుంది. శ్రీ విజయపురం దానికి పది డిగ్రీలు తూర్పున, అంటే నలభై నిమిషాలు ముందు. జనవరిలో ఐదున్నర లోపే సూర్యాస్తమయం. కాబట్టి తెల్లవారుజామునే లేవాలి, చూడాల్సినవన్నీ పొద్దునే చూడాలి.

పంచాంగం చూస్తే 25 ఆదివారం రథసప్తమి. ఆ ఉదయం కార్బిన్స్ కోవ్ ఒడ్డున సూర్యోదయం చూడాలి, ఇందులో మార్పు లేదు. నీల్ మాత్రం మానేస్తున్నాం. అక్కడి సహజ రాతి వంతెన దాకా నడవాలంటే నీరు బాగా వెనక్కి తగ్గాలి. సప్తమి, అష్టముల్లో ఆటుపోట్లు తక్కువ. ఒక పూట కోసం రెండు పడవ ప్రయాణాలు దండగ. అమ్మాయి ముఖం చిన్నబోయింది. సాయంత్రం చిడియా టాపులో సూర్యాస్తమయం చూపిస్తానన్నాక ఒప్పుకుంది.

24 శనివారం పొద్దున మొదటి పడవకు రాస్. మర్రి జాతి చెట్ల వేళ్లు పట్టేసిన చర్చి గోడలు, రొట్టెల బట్టీ, జపాన్ వాళ్ల బంకర్లు, తిరిగే జింకలు. 1941 భూకంపం దాకా దొరలు పాలన సాగించిన దీవి అది. వీలైతే ఛాతంలో 1883 నాటి కర్రమిల్లు. 23 సాయంత్రం అనుకున్న జైలును 24 సాయంత్రానికి జరిపాను, ముందు వైపర్ చూడాలి. గొలుసుకట్టు ఖైదీల జైలు అక్కడే ఉండేది. వైస్రాయ్ లార్డ్ మేయోను పొడిచిన షేర్ అలీని 1872లో ఉరితీసింది అక్కడే. పడవ రోజూ ఉంటుందో లేదో ఈ వారమే కనుక్కోవాలి.

హైదరాబాద్ నుంచి వెళ్లేవాళ్లు జైలు దగ్గర మొదలుపెట్టకూడదు. మన ఊరివాడు దిగేనాటికి అక్కడ జైలే లేదు.