ఆలూరి యింట ఆట విన్న రాత్రి

ఆలూరు బళ్లారి త్రోవలోని నల్లరేగడి సీమ. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రమున చేరువఱకు బళ్లారి జిల్లాలోనిదే. ఇచ్చటి పలుకున కన్నడపు జీర నేఁటికిని గలదు.

మే మీ యింటికి క్రొత్తకోడలిగా వచ్చినది 2011లో. ఆ యేప్రిల్ 2వ తేదీ రాత్రి ముంబయి వాంఖడే మైదానమున శ్రీలంకతో ప్రపంచకప్పు తుదిపోరు జరుగుచుండఁగా నిచ్చట కరెంటు పోయెను. మామగారు బ్యాటరీ రేడియోను నడవలో నుంచిరి. బడిపంతులైన మావారు హిందీ వ్యాఖ్యానమును తెనిఁగించుచుండిరి. జనఘోష వారికన్న ముందే సంగతి తెలుపుచుండెను!

1983 జూన్ 25న లార్డ్సులో మనవారు వెస్టిండీసును 43 పరుగులతో నోడించిన రాత్రి అత్తగారు తలుపుచాటుననే నిలిచి వినిరఁట. ఈమాఱు మామగారు పీట జరిపి, “ఈడ కూర్చో” అనిరి. ధోని సిక్సరుతో నాట ముగిసెను. అత్తగారి యొడిలోని శెనక్కాయలు మాత్రము సగము వలువకయే యుండెను.